ట్రేలో దొరికిన వెంట్రుక

ఖమ్మం,
జూన్ 12.

సుజీ,

ఎన్నిసార్లు ఫోన్ చేసినా స్విచ్ఛాఫ్ అనే పాటే. మీ పీహెచ్‌సీ దగ్గర టవర్ లేదని, గుట్ట ఎక్కితే తప్ప సిగ్నల్ దొరకదని బోనకల్ నుంచి మీ అమ్మగారు చెప్పారు. అందుకే కాగితం పట్టుకున్నాను. నర్సింగ్ చదివేటప్పుడు సెలవుల్లో రాసుకున్న ఉత్తరాల తర్వాత మళ్ళీ ఇదే. కోపంలో రాస్తున్నాను, అక్షరాలు వంకరగా ఉంటే నువ్వే సర్దుకో.

నువ్వు గవర్నమెంట్ ఉద్యోగానికి వెళ్ళిన వారానికే మన హాస్పిటల్‌కి హైదరాబాద్ నుంచి ఒక ట్రైనరమ్మను పిలిపించారు. నర్సులు ఎలా నవ్వాలో, ఎలా నిలబడాలో ఆమె నేర్పుతుందట. అందరినీ వరసగా నిలబెట్టి చూసుకుంటూ వచ్చి నా దగ్గర ఆగింది. జుట్టు స్ట్రెయిటెనింగ్ చేయించాలి, ఇలా ఉంటే పేషెంట్ల ముందు నీట్‌గా కనిపించదు అంది. నాతో కాదు, హెచ్‌ఆర్ జయప్రకాశ్‌తో. నేనేదో గోడనైనట్టు, సున్నం వేయించమన్నట్టు.

స్కార్ఫ్ కట్టుకుంటానన్నాను. యూనిఫాంలో లేదన్నారు. అమ్మీ కుట్టిచ్చిన గుడ్డ టోపీ నీకు తెలుసు కదా, ఐదేళ్ళుగా రోజూ ఆటోక్లేవ్‌లో పెట్టి తీసి వేసుకుంటున్నాను. లేబర్ రూమ్‌లో నా అంత జాగ్రత్తగా జుట్టు దాచుకునే మనిషి ఇంకొకరు లేరు. అదీ కుదరదట, అందరికీ ఆ కాగితం టోపీ ఒకటే. అది నా జుట్టు మీద నిలవదు, పెట్టిన నిమిషానికి ఊడి మెడ మీద పడుతుంది. నేను చేయించుకోనని చెప్పేశాను. మర్నాడే నన్ను లేబర్ రూమ్ నుంచి తీసి కింద స్టెరిలైజేషన్ గదిలో వేశారు. పేషెంట్లకు కనబడకుండా ఉంటే చాలట.

అదీ ఓర్చుకున్నాను. నిన్న నోటీసు ఇచ్చారు. ఏప్రిల్ 9న కుట్ల ట్రేలో వెంట్రుక దొరికిందట, అది నాదట, బాలింతకు ఇన్ఫెక్షన్ వచ్చే ప్రమాదం తెచ్చానట. తప్పు ఒప్పుకుని, జుట్టు సాపు చేయించుకుంటానని రాసి సంతకం పెడితే ఉంచుతారు. పెట్టకపోతే తీసేసి, ఆ మాట నా ఎక్స్‌పీరియన్స్ సర్టిఫికెట్లో రాస్తారు. చేరిన రోజు మన దగ్గర తీసుకున్న చదువు సర్టిఫికెట్ల ఒరిజినల్స్ ఇంకా వాళ్ళ బీరువాలోనే ఉన్నాయి. ఇన్ఫెక్షన్ తెచ్చిన నర్సు అని రాసిన కాగితం పట్టుకుని వెళ్తే ఏ హాస్పిటల్ గడప తొక్కనిస్తుంది చెప్పు.

ఆ సాయంత్రం షిఫ్టుకు ఇన్‌ఛార్జివి నువ్వు. రిజిస్టర్లో రాసింది నువ్వు. నేను పక్క గదిలో ఇంకో గర్భిణి దగ్గర ఉన్నాను, ఆ ట్రే ముట్టుకోను కూడా లేదు. వెంట్రుకను కళ్ళతో చూసింది నువ్వూ హైమ డాక్టరమ్మా. ఆమె ఉద్యోగం మానేసి వైజాగ్ వెళ్ళిపోయింది, నెంబర్ మార్చేసింది. నువ్వేం చూశావో ఒక కాగితం మీద రాసి సంతకం పెట్టి పంపు. అంతే అడుగుతున్నాను.

అమ్మీ ఏమందో తెలుసా? "చేపిచ్చుకో బేటీ, ఎంటికలే గదా, మళ్ల మొలుస్తయ్" అంది. ఈ ఉంగరాల జుట్టు ఎక్కడిదనుకుంది? ఆమె తల్లిదే. నిజాం గుర్రపు పటాలంలో పనిచేయడానికి ఆఫ్రికా నుంచి వచ్చిన వాళ్ళ వంశం మా నానీది, హైదరాబాద్ ఏసీ గార్డ్స్ బస్తీ నుంచి ఖమ్మం కోడలిగా వచ్చింది. ఎవరేమన్నా తల వంచలేదు. కూతురేమో పార్లర్ అడ్రస్ కనుక్కుంటోంది.

జల్దీ రాయి.

నీ షబ్బూ


చర్ల మండలం,
జూన్ 27.

షబ్బూ,

నీ ఉత్తరం పది రోజులకు చేరింది. మా అటెండర్ పోతయ్య చర్ల వెళ్ళినప్పుడే టపా తెస్తాడు, అతను వెళ్ళేదేమో మందుల బండి వచ్చిన రోజు. ఇక్కడ వర్షాలు మొదలయ్యాయి. మొన్న వాగు అవతల నుంచి ఒకావిడను మంచం మీద మోసుకొచ్చారు, వచ్చిన అరగంటకే కాన్పు అయింది. వాళ్ళ కోయ మాట నాకు రాదు, నా తెలుగు వాళ్ళకు సగమే అర్థమవుతుంది. పోతయ్య తలుపు బయట నిలబడి అటు మాట ఇటు చెబుతుంటాడు. ఆడపిల్ల, రెండు కిలోల ఎనిమిది వందలు. నువ్వుంటే బాగుండుననిపించింది.

నీ సంగతి చదివి చాలా బాధపడ్డాను. ఆ ట్రైనర్‌కి బుద్ధి లేదు సరే, జయప్రకాశ్ గారికైనా ఉండాలి కదా.

రిజిస్టర్ గురించి అడిగావు. ట్రేలో ఒక వెంట్రుక కనిపించింది, ట్రే మార్చాము అని రాశాను. అంతకు మించి గుర్తు లేదు. ఎవరిదని నేను రాయలేదు. నీ పేరు రాయలేదు, అది మాత్రం నిజం.

కాగితం రాసిమ్మంటే కొంచెం ఇబ్బందే షబ్బూ. నేనింకా ప్రొబేషన్‌లో ఉన్నాను. పాత హాస్పిటల్ గొడవలో నా పేరు వస్తే ఇక్కడ ఎలా చూస్తారో తెలియదు. మా నాన్న నా ఉద్యోగం చూసుకునే ఈ ఏడు కౌలు మానేశాడు, నీకు తెలియనిది కాదు.

పోనీ, ఒక్కసారి జుట్టు చేయించుకోకూడదూ? వాళ్ళ కోసం కాదు, నీ సర్టిఫికెట్ల కోసం. అవి చేతికొచ్చాక నీ ఇష్టం వచ్చినట్టు ఉండు. నీ మంచికే చెబుతున్నాను.

వేళకు తిను.

సుజన


ఖమ్మం,
జూలై 15.

సుజీ,

పోనీ అని ఎంత తేలిగ్గా రాశావే. ఆ పోనీ దగ్గరే చదవడం ఆపేసి ఉత్తరం మడిచి పక్కన పడేశాను. రెండు రోజుల తర్వాత మిగతాది చదివాను.

రెండో సంవత్సరం ప్రాక్టికల్స్ గుర్తుందా? ఎగ్జామినర్ ఏమంటుందోనని నువ్వే కదా నా జుట్టు సాపు చేసింది. దుప్పటి మీద తల పెట్టించి, పైన కాగితం వేసి బట్టల ఇస్త్రీపెట్టెతో రుద్దావు. చెవి వెనక కాలిన మచ్చ ఇంకా ఉంది. మర్నాడు తలస్నానం చేస్తే మళ్ళీ మామూలే. పొట్ట పట్టుకుని నవ్వుకున్నాం. ఇప్పుడు ఎంత ప్రయత్నించినా నవ్వు రావడం లేదు.

అయినా విను. అమ్మీ పోరు పడలేక పార్లర్‌కి కూడా వెళ్ళాను. అవ్, నేనే వెళ్ళాను, సిగ్గు విడిచి. ప్రసూన అని ఒకావిడ నడుపుతోంది. ముందు నాలుగు వెంట్రుకలకు ఆ క్రీము రాసి చూసింది. పావుగంట కాకముందే అవి తెగి ఆమె వేళ్ళలోకి వచ్చేశాయి. "నేను చెయ్యనమ్మా. చేస్తె మీ నెత్తి బోడైతది, ఆ ఉసురు నాకు తగుల్తది" అంది. వాళ్ళు కోరినట్టు వంగుదామన్నా నా జుట్టు వంగదు, అదీ సంగతి. ఇదే మాట జయప్రకాశ్‌తో చెబితే ఇంకో మంచి పార్లర్ చూసుకోమన్నాడు.

నేను సంతకం పెట్టలేదు. ఈ ఒకటో తారీఖున నన్ను తీసేశారు.

ఇంటికి వచ్చి ఏడ్వలేదు, ఏడిస్తే అమ్మీ గెలిచినట్టు అవుతుంది. లేబర్ ఆఫీసుకు వెళ్ళాను. మురళీకృష్ణ అని ఒక ఆఫీసర్ ఉన్నాడు. మంచివాడే గానీ ప్రతి మాటకూ ఆధారం ఉందా అంటాడు. జుట్టు గురించి వాళ్ళన్న మాటలకు ఆధారం లేదు, అంతా నోటి మాటే. వాళ్ళేమో వెంట్రుక నోటీసు ఒక్కటే చూపించి ఇది శుభ్రత విషయం అంటున్నారు. శుభ్రత అంటే ఇంక ఎవరు మాట్లాడతారు? రిజిస్టర్ చూపించమంటే ఒక్క పేజీ జిరాక్స్ ఇచ్చారు. అందులో బాధ్యులు ఎవరనే గడి ఉంది. మిగతా పేజీ అంతా నీ రాతే, ఆ గడి మాత్రం నువ్వు ఖాళీగా వదిలావు. అందులో ఎవరో లావు పెన్నుతో, వేరే రాతతో నా పేరు రాశారు.

ఆ గడి ఎందుకు ఖాళీగా వదిలావు సుజీ? ట్రేలో దూది ఎక్కువైతే కూడా రాసే మనిషివి నువ్వు.

వెంట్రుక ఏదని అడిగితే పారేశామన్నారు. సరే, ఒక్క మాట చెప్పు. ప్రొబేషన్ వద్దు, కౌలు వద్దు, పొడవు చెప్పు. నా వెంట్రుక అయితే వేలి గోరంత చుట్ట చుట్టుకుని ఉంటుంది. నువ్వు చూసింది ఎంత పొడుగుంది?

షబ్బూ


చర్ల మండలం,
జూలై 30.

షబ్బూ,

గోదావరి పొంగింది. భద్రాచలం దగ్గర హెచ్చరిక ఇచ్చారట, మాకు అటు దారి వారం నుంచి లేదు. ఈ ఉత్తరం ఎప్పుడు చేరుతుందో తెలియదు. జ్వరాల కేసులు ముప్పై దాకా ఉన్నాయి, ఇద్దరమే నర్సులం.

పొడవు నేను కొలవలేదు. హడావిడిలో ఎవరు కొలుస్తారు చెప్పు? చూసిన వెంటనే ట్రే మార్చాము, బాలింతకు ఏమీ కాలేదు, ఇంకా ఎందుకు తవ్వుకోవడం? వాళ్ళు పెద్దవాళ్ళు. నువ్వు లేబర్ ఆఫీసు చుట్టూ తిరిగితే చెప్పులు అరుగుతాయి తప్ప ఏమీ ఒరగదు. క్షమాపణ రాసిచ్చి ఒరిజినల్స్ తెచ్చుకో. ఎక్స్‌పీరియన్స్ సర్టిఫికెట్ లేకుండా కూడా ఎక్కడో ఒకచోట ఉద్యోగం దొరుకుతుంది.

నన్ను ఇందులోకి లాగకు. దండం పెడతాను.

సుజన


ఖమ్మం,
ఆగస్టు 12.

స్టాఫ్ నర్స్ సుజన గారికి,

నమస్కారం. మీ ఉత్తరం అందింది. మీ ఆరోగ్య కేంద్రంలో జ్వరాలు తగ్గాయని ఆశిస్తాను.

విచారణ సెప్టెంబర్ 5న పెట్టారు. ఆధారం లేకపోతే ఫిర్యాదు ఆ రోజే మూసేస్తామని ఆఫీసర్ గారు చెప్పారు. పాల్వంచలో ఒక హాస్పిటల్ వాళ్ళు నన్ను తీసుకుంటామన్నారు. పాత సర్టిఫికెట్ అడిగారు. నోటీసు సంగతి దాచకుండా చెప్పాను. మేమే ఫోన్ చేస్తామన్నారు. చేయలేదు.

మీరు చెప్పినట్టే క్షమాపణ కాగితం రాసి పెట్టుకున్నాను. నా వెంట్రుకేనని, నా నిర్లక్ష్యమేనని. అమ్మీ ఒక అక్షరం కూడా తప్పు లేకుండా నాతోనే రాయించింది. సెప్టెంబర్ మూడున హాస్పిటల్‌కి వెళ్ళి ఇచ్చేస్తాను. మిమ్మల్ని ఇంక ఇబ్బంది పెట్టను.

ఇట్లు,
షబ్నమ్


చర్ల మండలం,
ఆగస్టు 24.

షబ్బూ,

ఆ కాగితం ఇవ్వకు. ఇచ్చేసి ఉంటే వెళ్ళి వెనక్కి తీసుకో. ఈ ఉత్తరం పోస్టులో వేయడం లేదు, పోతయ్య భద్రాచలం వెళ్ళి ఖమ్మం బస్సు కండక్టర్ చేతికి ఇస్తాడు, మీ అమ్మగారి గాజుల దుకాణం అడ్రస్ రాశాను.

నన్ను మీరు అన్నావు. తిట్టి ఉంటే దులుపుకుని పోయేదాన్ని. ఆ ఉత్తరం జేబులో పెట్టుకుని వారం రోజులు డ్యూటీ చేశాను.

వెంట్రుక నాదే.

రెండు అడుగులుంది. తిన్నగా ఉంది. కొబ్బరినూనె రాసిన నా జడలోది. ఆ మధ్యాహ్నమే సెలెక్షన్ లిస్టులో నా పేరు వచ్చింది, నీకు గుర్తుండే ఉంటుంది, అందరికీ లడ్డూలు పంచాను. ఆ సంతోషంలో టోపీ పెట్టుకోకుండానే ట్రే సర్దాను. హైమ డాక్టరమ్మ ట్రేలోకి చూసి, ఆ వెంట్రుకను ఫోర్సెప్స్‌తో ఎత్తి నా ముఖం ముందు పట్టుకుని, "మీదే కదా సిస్టర్" అంది. అవునన్నాను. ట్రే మార్చాము. రిజిస్టర్ రాయడానికి కూర్చుంటే బాధ్యులు అనే గడి దగ్గర చెయ్యి ఆగిపోయింది. లిస్టులో పేరు వచ్చిన రోజే నా తప్పు నా చేత్తో రాసుకోవాలా అనిపించింది. తర్వాత రాద్దామని వదిలేశాను. రాయలేదు.

ఇంకొకటుంది. ఇది రాయడానికి రెండు కాగితాలు చింపాను. రిలీవింగ్ లెటర్ కోసం వెళ్ళిన రోజు జయప్రకాశ్ గారు ఆ పేజీ తీసి, ఈ గడి ఖాళీగా ఉందేంటి అని అడిగారు. ఆ షిఫ్టులో నేనూ షబ్నమ్ ఉన్నాం, ఎవరిదో నాకు తెలియదు అన్నాను. ఆయన నా జడ వైపు చూశారు, నవ్వారు, అయితే ఆమెదే అయ్యుంటుందిలే అన్నారు. నేను ఏమీ అనలేదు. లెటర్ తీసుకుని బస్సెక్కాను. నీ పేరు రాస్తారని నాకు తెలుసు షబ్బూ. తెలియదని నాకు నేను చెప్పుకుంటూ వచ్చాను.

నీ జుట్టు అంటే ఎవరైనా నమ్ముతారు. నా జుట్టు అంటే ఎవరూ అనుకోరు. నేను ఆ నమ్మకం చాటున దాక్కున్నాను. పోనీ చేయించుకో అని రాసింది కూడా నేనే, అది తలచుకుంటే నా మీద నాకే అసహ్యం వేస్తోంది.

మొన్న ఇక్కడ కాన్పు చేస్తుంటే నా జడ టోపీలోంచి జారి భుజం మీదికొచ్చింది. పోతయ్య భార్య సాయానికి వచ్చింది, ఆమె వెనక నుంచి ఎత్తి లోపలికి దోపింది. అంతే. ఎవరూ నోటీసు ఇవ్వలేదు. బయటికి వచ్చి కూర్చుని ఏడ్చాను. ఆ పిచ్చిది కాన్పు కష్టమైనందుకు అనుకుంది.

మా డాక్టరు గారికి చెప్పాను. ఆయన అంతా విన్నారు. తర్వాత, రాసి పంపు, మెమో వస్తే జవాబు రాద్దాం అన్నారు. వస్తే రానీ.

దీనితో ఇంకో కాగితం ఉంది, సంతకంతో. ఏప్రిల్ 9న ట్రేలో కనిపించినది నా వెంట్రుక, సుమారు రెండడుగుల పొడవు, షబ్నమ్ ఆ ట్రే ముట్టుకోలేదు, రిజిస్టర్లో ఆమె పేరు నేను రాయలేదు. అదే ఆఫీసర్ గారికి ఇవ్వు.

క్షమించమని అడగడానికి నోరు రావడం లేదు.

సుజన


ఖమ్మం,
సెప్టెంబర్ 8.

సుజనా,

నీ కాగితం చదివి మూడు రోజులు నీతో మనసులో పోట్లాడాను. అన్నం తింటుంటే నీతో, బట్టలు పిండుతుంటే నీతో. కాలేజీ నుంచీ ఒకే కంచంలో తిన్నాం కదే. ఆ గడిలో మూడు అక్షరాలు రాయడానికి నీకు ఐదు నెలలు పట్టింది. అందులో రెండు నెలలు నేను ఉద్యోగం లేకుండా ఇంట్లో కూర్చున్నాను. ఇది రాయకపోతే నాకు నిద్ర పట్టదు, అందుకే ముందు రాశాను.

ఇక విచారణ. అమ్మీ కూడా వచ్చింది. మురళీకృష్ణ గారు నీ కాగితం పైకి చదివారు. జయప్రకాశ్ తీసుకుని తనూ రెండుసార్లు చదివాడు. తర్వాత చాలా మర్యాదగా, ఇదేదో పొరపాటు జరిగింది, నోటీసు వెనక్కి తీసుకుంటాం, ఒరిజినల్స్ ఇస్తాం, మచ్చ లేని సర్టిఫికెట్ ఇస్తాం, కావాలంటే ఉద్యోగంలోకి కూడా రమ్మనండి అన్నాడు. నా ప్రాణం లేచి వచ్చింది. అప్పుడు ఇంకో కాగితం తీశాడు. జుట్టు విషయం మాత్రం పాలసీ ప్రకారం, అని. స్ట్రెయిటెనింగ్ చేయించుకుంటానని సంతకం పెట్టాలి, నెల గడువు ఇస్తారు.

ఆఫీసర్ ముఖంలో పని అయిపోయిన సంతోషం. "ఇగ ఏందమ్మా, తేలిపాయె గదా, సంతకం పెట్టుండ్రి" అన్నాడు. అమ్మీ నా మోచెయ్యి గిల్లింది. పెట్టేయమనే ఆ గిల్లుడు.

నాకు ఎక్కడ లేని కోపం వచ్చింది సుజనా. నీ మీద ఉన్నదీ, వాళ్ళ మీద ఉన్నదీ, అమ్మీ మీద ఉన్నదీ అంతా ఒక్కచోటికి వచ్చింది. కానీ అరవలేదు. మెల్లగా అడిగాను. "సార్, ఆ ఎంటిక నాదనుకున్నప్పుడు నా నెత్తి మీద ఉన్నయన్ని మార్చుకోమన్నరు. ఇప్పుడు అది వేరే సిస్టర్‌ది అని తేలింది. రెండడుగుల జడ ఆమెది. ఆ జడ కోసుకోమని ఎవరన్న అడుగుతరా?"

ఆఫీసర్ జయప్రకాశ్ వైపు తిరిగాడు. జయప్రకాశ్‌కు ఆ ప్రశ్న నచ్చినట్టు లేదు. నవ్వుతూ, "ఆమెది అట్ల కాదు సార్, ఆమెది నీట్‌గుంటది" అన్నాడు.

ఆఫీసర్ మూత పెట్టిన పెన్ను మళ్ళీ తీశాడు. "ఆ మాట ఇంకోసారి చెప్పుండ్రి" అన్నాడు. జయప్రకాశ్‌కు అప్పుడు అర్థమైంది, కాగితాలు సర్దుకోవడం మొదలుపెట్టాడు. ఆఫీసర్ మొదటిసారి అన్న మాటనే రాసుకున్నాడు, రాసి కింద అమ్మీ చేత సాక్షి సంతకం పెట్టించాడు. ట్రేలో వెంట్రుక ఉంచినదాని జుట్టు నీట్, ఉంచనిదాని జుట్టు నీట్ కాదు. మూడు నెలలుగా నేను ఆధారం ఆధారం అని తిరిగాను, అది వాడే తన నోటితో ఇచ్చాడు.

అమ్మీ నాతో పాటు బయటికి వచ్చింది. బస్టాండ్ దాకా నడిచాక, "సంతకం పెట్టేటప్పుడు మా అమ్మ నెత్తి యాదికొచ్చింది" అని మాత్రం అంది.

ఒరిజినల్స్, మచ్చ లేని సర్టిఫికెట్ మొన్న ఇచ్చారు. జుట్టు మీద ఫిర్యాదు మాత్రం మూయొద్దని రాసిచ్చాను, అది పై ఆఫీసుకు వెళ్తుందట, ఎన్నాళ్ళు పడుతుందో ఆయనకే తెలియదు. ఆ హాస్పిటల్‌కి మళ్ళీ వెళ్ళను. నిన్న మణుగూరులో ఇంకోచోట ఇంటర్వ్యూకి వెళ్ళాను. సర్టిఫికెట్ చూసి బాగుందన్నారు, నా తల చూసి ఫోన్ చేస్తామన్నారు. చూశావా, నీ కాగితంతో తేలింది ట్రే సంగతి ఒక్కటే. ఇంకా ఎన్ని చోట్ల ఎంతమందితో కొట్లాడాలో, విసుగొస్తోంది. అయినా కొట్లాడతాను, వేరే పని లేదు కదా ఇప్పుడు.

నీ మీద కోపం పోలేదు. పోయిందని అబద్ధం రాయను. మెమో వస్తే మాత్రం జవాబు నువ్వొక్కదానివే రాయకు, నాకు చూపించు, నువ్వు మెత్తగా రాసి చెడగొడతావు.

నీ జడ కోసుకోమని వాళ్ళు అడగలేదు. నేనూ అడగను. ట్రే ముందు నిలబడేటప్పుడు టోపీలోకి దోపుకో, అంతే.

షబ్నమ్